జిమ్ థోర్ప్‌ని ఇంటికి పంపండి: ఆయన పేరు పెట్టుకున్న ఊరికి బహిరంగ లేఖ

పెన్సిల్వేనియా రాష్ట్రం, జిమ్ థోర్ప్ బరో (చిన్న పట్టణం) కౌన్సిల్ సభ్యులకు, మేయర్ గారికి, ఊరి ప్రజలకు,

నమస్కారం. మీ ఊరికి వచ్చిపోయే వేలమందిలో నేనూ ఒకరిని. న్యూజెర్సీలో, ఫిలడెల్ఫియా చుట్టుపక్కల ఉండే తెలుగువాళ్లకి మీ ఊరు బాగా తెలుసు. అక్టోబరు వస్తే ఆకుల రంగులు చూడడానికి, ఎండాకాలంలో లీహై నదిలో రాఫ్టింగ్‌కి, పిల్లల్ని ఆ పాత రైలు ఎక్కించడానికి రెండు మూడు కుటుంబాలు కలిసి పులిహోర కట్టుకుని మరీ బయల్దేరతాం. అలా వచ్చేవాళ్లలో చాలామందికి ఆ ఊరి పేరు ఒక మనిషి పేరని, ఆయన ఒక గొప్ప ఆదివాసీ క్రీడాకారుడని తెలీదు. ఆ మనిషి అక్కడే, 903 నంబరు రోడ్డు పక్కన, ఎర్ర గ్రానైటు సమాధిలో ఉన్నాడని ఇంకా తక్కువమందికి తెలుసు. అందుకే ఈ లేఖ ముందు తెలుగులో రాస్తున్నాను, మావాళ్లు చదవాలని. ఇంగ్లీషులో మీకు విడిగా పంపుతాను.

అడగదలచుకుంది ముందే సూటిగా చెప్పేస్తాను. ఆయన అస్థికల్ని ఓక్లహోమాలో ఉన్న ఆయన తెగవారికి అప్పగించండి. ఊరి పేరు మార్చుకోమని అనడం లేదు, అక్కడున్న విగ్రహాలు తీసేయమనీ అనడం లేదు. ఏ కోర్టూ మిమ్మల్ని ఇప్పుడు బలవంతపెట్టే పరిస్థితి లేదు, 2015లోనే ఆ దారి మూసుకుపోయింది. కాబట్టి ఇది మీ అంతట మీరు చేయాల్సిన పని, అందుకే జడ్జీలకి కాకుండా మీకు రాస్తున్నాను.

బయటివాళ్లు, మీకెందుకు ఈ గొడవ అంటారేమో. ఈ దేశానికి చదువుకోవడానికి వచ్చిన మా తెలుగు పిల్లలు ఎవరైనా యాక్సిడెంట్లోనో, మరో రకంగానో పోతే, ఆ పిల్లాడెవరో ముఖం కూడా తెలియనివాళ్లం తలా కొంత వేస్తాం. గోఫండ్‌మీ పెట్టడం, కాన్సులేటులో కాగితాలు, ఫ్యునరల్ హోమ్‌తో మాట్లాడటం, ఆ పెట్టె విమానంలో హైదరాబాదు చేరేదాకా, అక్కణ్ణుంచి అంబులెన్సులో ఏ గుంటూరు దగ్గరి పల్లెకో ఖమ్మం దగ్గరి పల్లెకో చేరేదాకా ఇక్కడ అందరికీ ఒకటే టెన్షన్. పోయినవాడు ఎలాగూ రాడు, అయినా కన్నవాళ్ల ముందు, వాళ్ల పద్ధతిలో, ఆ ఆఖరి కార్యం జరగాలి. అది జరక్కపోతే ఆ ఇంట్లో మిగిలినవాళ్లకి అది ఎప్పటికీ తీరని లోటు. జిమ్ థోర్ప్ పిల్లలకి జరిగింది అంతకన్నా ఘోరం. వాళ్ల తండ్రి శరీరం సొంత నేలకి చేరింది, కార్యం మొదలైంది కూడా. మధ్యలో తీసుకుపోయారు.

ఆయన కథ మీకు నాకన్నా బాగా తెలుసు, కానీ ఇది చదివే తెలుగువాళ్లకి తెలియాలి కాబట్టి కొంచెం ఓపిక పట్టండి.

1887లో, ఇప్పటి ఓక్లహోమాలో ప్రేగ్ అనే చిన్న ఊరి దగ్గర పుట్టాడు. అప్పటికి ఓక్లహోమా అనే రాష్ట్రమే లేదు, దాన్ని ఇండియన్ టెరిటరీ అనేవారు (అమెరికా ఆదివాసుల్ని ఇండియన్లనేవారు), తూర్పు నుంచి తరిమేసిన తెగల్ని తెచ్చి కుక్కిన నేల అది. శాక్ అండ్ ఫాక్స్ తెగ. తెగవారు పెట్టిన పేరు వా-థో-హక్, వెలుగు పడ్డ దారి అని అర్థం చెబుతారు. చార్లీ అని కవల సోదరుడు ఉండేవాడు, చిన్నప్పుడే జబ్బు చేసి పోయాడు. ఆ తర్వాత తల్లి పోయింది, తండ్రీ పోయాడు. కుర్రాడిని ఒక బోర్డింగ్ స్కూలు నుంచి ఇంకో బోర్డింగ్ స్కూలుకి మారుస్తూ చివరికి 1904లో మీ రాష్ట్రంలోనే ఉన్న కార్లైల్ ఇండియన్ స్కూలుకి పంపారు. ఆ స్కూలు పెట్టిన రిచర్డ్ ప్రాట్ అనే సైనికాధికారి సిద్ధాంతం ఏంటంటే, కుర్రాడిలోని ఇండియన్‌ని చంపేసి మనిషిని కాపాడాలి. జుట్టు కత్తిరించేవారు, సొంత భాష మాట్లాడనిచ్చేవారు కాదు, సెలవుల్లో తెల్లవాళ్ల పొలాల్లో పనికి పెట్టేవారు. ఇంటికి దూరంగా పిల్లల్ని పెంచి ఇంటిని మర్చిపోయేలా చేయడమే ఆ చదువు ఉద్దేశం. నా లేఖలో మీరు ఏది మర్చిపోయినా ఫర్వాలేదు గానీ ఈ ఒక్కటి గుర్తుంచుకోండి, ఎందుకంటే బతికుండగా ఆయన్ని ఇంటికి దూరం చేసింది పెన్సిల్వేనియాలోనే, పోయాక దూరంగా ఉంచిందీ పెన్సిల్వేనియాలోనే.

కార్లైల్‌లో పాప్ వార్నర్ అనే కోచ్ చేతిలో పడ్డాడు. 1911లో హార్వర్డ్ మీద అమెరికన్ ఫుట్‌బాల్ ఆట. అప్పట్లో హార్వర్డ్ అంటే దేశంలో పెద్ద జట్లలో ఒకటి. కాలికి దెబ్బ తగిలి కట్టు కట్టుకుని ఆడాడు, నాలుగు ఫీల్డ్ గోల్స్ (బంతిని తన్ని గోల్ స్తంభాల మధ్య నుంచి పంపడం) కొట్టాడు, కార్లైల్ 18-15తో గెలిచింది. మరుసటి ఏడాది వెస్ట్ పాయింట్ మిలిటరీ అకాడెమీ జట్టుని వాళ్ల సొంత గడ్డ మీద 27-6తో చిత్తు చేశారు. ఆ జట్టులో ఐసన్‌హోవర్ అనే కుర్రాడు ఉన్నాడు, తర్వాత దేశాధ్యక్షుడు అయ్యాడు, థోర్ప్‌ని ఆపడానికి ఎంత కష్టపడ్డామో పెద్దయ్యాక కూడా చెప్పుకున్నాడు. ఒకసారి ఆలోచించండి, ఆ మైదానంలో ఒకవైపు నిలబడ్డవాళ్లు సైన్యంలో ఆఫీసర్లు కాబోయేవాళ్లు, ఇంకోవైపు ఉన్నవాళ్లు అదే సైన్యంతో యుద్ధాలు చేసి నేల పోగొట్టుకున్న తెగల బిడ్డలు.

ఆ రెండు ఆటలకీ మధ్యలోనే, 1912 వేసవిలో స్టాక్‌హోమ్ ఒలింపిక్స్. పెంటాథ్లాన్ (అయిదు పోటీలు కలిపింది), డెకాథ్లాన్ (పది పోటీలు కలిపింది) రెండింట్లోనూ బంగారు పతకాలు. స్వీడన్ రాజు అయిదో గుస్తావ్ ప్రపంచంలో ఇంతటి క్రీడాకారుడు లేడన్నాడట, ఆ మాటే మీరు సమాధి రాయి మీద చెక్కించారు. 1913 జనవరిలో ఒక పత్రిక బయటపెట్టిన విషయం ఏంటంటే, అంతకు ముందు 1909, 1910 వేసవుల్లో నార్త్ కరోలినాలో చిన్న లీగుల్లో డబ్బు తీసుకుని బేస్‌బాల్ ఆడాడని. డబ్బు కోసం ఆడినవాళ్లకి అప్పట్లో ఒలింపిక్స్‌లో చోటు లేదు. ఆయన తీసుకున్నవి కూలి డబ్బుల్లాంటివే. చాలామంది కాలేజీ కుర్రాళ్లు అలాగే ఆడేవాళ్లు, కాకపోతే దొంగ పేర్లతో. ఈయన సొంత పేరుతోనే ఆడాడు, దొరికిపోయాడు. రూల్స్ ప్రకారం ఆటలయ్యాక 30 రోజుల్లోపు అభ్యంతరం చెప్పాలి, ఆ గడువు ఎప్పుడో దాటిపోయింది, అయినా పతకాలు లాగేసుకున్నారు. దేశానికి పతకాలు తెచ్చినప్పటికి ఆయన జాతిలో చాలామందికి ఆ దేశ పౌరసత్వం కూడా లేదు, అందరికీ పౌరసత్వం ఇచ్చిన చట్టం 1924లో గానీ రాలేదు.

ఇక ప్రొఫెషనల్ ఫుట్‌బాల్. దీని గురించి కొంచెం ఎక్కువ రాస్తాను. ఈ రోజు ఎన్‌ఎఫ్‌ఎల్ (అమెరికా ప్రొఫెషనల్ ఫుట్‌బాల్ లీగు) ఎంత పెద్ద వ్యాపారమో అందరికీ తెలుసు, ప్రతి ఫిబ్రవరిలో మా ఇళ్లల్లో కూడా ఆట అర్థమైనా కాకపోయినా సూపర్ బౌల్ పార్టీలు పెట్టుకుంటున్నాం, కానీ దాని పునాదిలో ఈయన పేరు ఉందని ఎంతమందికి తెలుసు?

1915 నాటికి డబ్బు తీసుకుని ఫుట్‌బాల్ ఆడటమంటే గౌరవమైన పని కాదు. కాలేజీ ఆటకి జనం విరగబడేవారు, ప్రొఫెషనల్ ఆట మాత్రం ఒహాయోలో ఫ్యాక్టరీ ఊళ్ల మధ్య పందేల వ్యవహారం. కాంటన్, మాసిలాన్ అని పక్కపక్కన రెండు ఊళ్లు, ఒకరంటే ఒకరికి పడదు. కాంటన్ బుల్‌డాగ్స్ మేనేజరు జాక్ క్యూసాక్ ఆటకి 250 డాలర్లు ఇస్తానని థోర్ప్‌ని పిలిపించాడు. అంత డబ్బేంటి, దివాళా తీస్తావు అని దగ్గరివాళ్లే హెచ్చరించారు. అంతకు ముందు వెయ్యీ పన్నెండొందలు దాటని జనం ఆయన వచ్చాక వేలకి పెరిగారు. ఆ నవంబరులో మాసిలాన్‌తో రెండో ఆట చూడండి. టికెట్లు ఎన్ని అమ్మారంటే జనం పట్టక ఎండ్ జోన్‌లోకి (మైదానం చివర, బంతితో చేరితే టచ్‌డౌన్ పాయింట్లు వచ్చే చోటు) కూడా వచ్చి నిలబడ్డారు. థోర్ప్ రెండు ఫీల్డ్ గోల్స్ కొట్టి 6-0 చేశాడు. ఆఖర్లో మాసిలాన్ ఆటగాడు పాస్ పట్టుకుని గీత దాటి ఆ జనంలోకి దూసుకుపోయాడు, టచ్‌డౌన్ అనుకునేలోపు బంతి బయటికి దొర్లుకుంటూ వచ్చింది, కాంటన్ వాళ్లు పట్టేశారు. యూనిఫాం వేసుకున్నవాడెవడో నా చేతిలో బంతిని తన్నాడని ఆ ఆటగాడు లబోదిబోమన్నాడు. ఎవరూ నమ్మలేదు. చాలా ఏళ్ల తర్వాత ఒక ట్రామ్ కండక్టరు, నేనే తన్నాను, కాంటన్ మీద పందెం కాశాను అని ఒప్పుకున్నాడని క్యూసాకే చెప్పాడు. ఆ ఆట అలాంటి స్థితిలో ఉన్నప్పుడు, దానికి జనాన్ని తెచ్చిపెట్టినవాడు ఈయన. 1916, 1917, 1919 ఏళ్లలో కాంటన్‌దే పైచేయి. ఇదంతా వేసవుల్లో న్యూయార్క్ జెయింట్స్ లాంటి జట్లకి బేస్‌బాల్ ఆడుతూనే చేశాడు. ఆ మధ్యలోనే, 1918లో, మూడేళ్ల పెద్దకొడుకు పోయాడు. కొడుకు పోయాక మనిషి మునుపటిలా లేడని దగ్గరివాళ్లు చెప్పేవారు.

1920 సెప్టెంబరు 17న కాంటన్‌లో రాల్ఫ్ హే అనే ఆయన కార్ల షోరూమ్‌లో జట్ల యజమానులు కూడారు. కుర్చీలు చాలక కొందరు కార్ల ఫుట్‌బోర్డుల మీద కూర్చున్నారట. ఆ రోజు పెట్టుకున్న సంఘమే రెండేళ్లకి ఎన్‌ఎఫ్‌ఎల్ అని పేరు మార్చుకుంది. దానికి మొదటి అధ్యక్షుడు జిమ్ థోర్ప్. ఆఫీసు పనులు చూస్తాడని కాదు, ఆయన పేరు పేపర్లో పడితే జనం నమ్ముతారని. ఆయన అప్పటికీ మైదానంలో ఆడుతూనే ఉన్నాడు. మరుసటి ఏడాదికల్లా ఆ పదవి జో కార్ అనే ఆయనకి ఇచ్చేశారు. జో కార్ ఆ పని చాలా బాగా చేశాడు, అందులో సందేహం లేదు. నేను గమనించమంటున్నది, ఆ సంఘానికి కూడా థోర్ప్ దగ్గర కావల్సింది పేరే అని.

తర్వాత జరిగింది చదివితే నాకు కడుపు తరుక్కుపోతుంది. ఒహాయోలో లారూ అనే వెయ్యిమంది కూడా లేని ఊళ్లో వాల్టర్ లింగో అనే కుక్కల వ్యాపారి. ఎయిర్‌డేల్ జాతి కుక్కల్ని పెంచి అమ్మేవాడు. తన ఊరాంగ్ కెన్నెల్స్‌కి ప్రచారం కోసం 1922లో లీగులో ఒక జట్టునే కొన్నాడు. ఊరాంగ్ ఇండియన్స్. ఆటగాళ్లంతా ఆదివాసులే, కోచ్, ఆటగాడు రెండూ థోర్ప్. మిగతా రోజుల్లో ఆటగాళ్లు కుక్కల్ని చూసుకోవాలి. ఆదివారం ఊరూరా తిరిగి ఆడాలి, హాఫ్ టైమ్‌లో విశ్రాంతి లేకుండా ఈకలు కట్టుకుని డాన్సులు, గొడ్డళ్లు విసరడం, కుక్కలతో విన్యాసాలు. జనం వచ్చేది ఆ షో కోసమే. రెండు సీజన్లలో కలిపి నాలుగే ఆటలు గెలిచారు, మోజు తీరింది, లింగో మూసేశాడు. కార్లైల్‌లో జుట్టు కత్తిరించి ఇండియన్‌ని చంపేస్తామన్నారు, ఇక్కడ టికెట్లు అమ్మడానికి అదే ఇండియన్ వేషం వేయించారు. ఏది ఎప్పుడు కావాలో నిర్ణయించింది ఆయన కాదు. ఆయన ఆ ఆటగాళ్లకి పని దొరికిందని ఒప్పుకుని ఉండొచ్చు, డబ్బు అవసరమై ఒప్పుకుని ఉండొచ్చు, ఆయన్ని నేను తప్పుపట్టను.

ఎన్‌ఎఫ్‌ఎల్‌లో ఆరు జట్లకి ఆడి 1928లో షికాగో కార్డినల్స్ తరఫున ఆఖరి ఆట ఆడేనాటికి వయసు 41. తర్వాత ఆర్థిక మాంద్యం. లాస్ ఏంజెలెస్‌లో పార పట్టి మట్టి తవ్వాడు, సినిమాల్లో గుంపులో నిలబడే చిన్న వేషాలు వేశాడు, రెండో ప్రపంచయుద్ధం ఆఖర్లో యాభై ఎనిమిదేళ్ల వయసులో మర్చంట్ మెరైన్‌లో (సరుకు ఓడల సిబ్బందిలో) చేరాడు. 1950లో అసోసియేటెడ్ ప్రెస్ విలేకరులు ఓట్లు వేసి ఈ అర్ధ శతాబ్దంలో ఇంతటి క్రీడాకారుడు లేడని తేల్చారు. ఆ మరుసటి ఏడాది పెదవికి క్యాన్సర్ వస్తే ఆస్పత్రిలో పేదల లెక్కలో ఆపరేషన్ చేశారు. 1953 మార్చి 28న కాలిఫోర్నియాలో, లోమిటాలో, ట్రైలర్ ఇంట్లో గుండెపోటుతో పోయాడు.

ఇప్పుడు మీ ఊరి వంతు.

పిల్లలు ఆయన్ని ఓక్లహోమా తీసుకెళ్లారు. షానీ దగ్గర తెగ పద్ధతిలో కార్యం మొదలైంది, బంధువులంతా చేరారు. అది పూర్తికాకముందే మూడో భార్య ప్యాట్రీషియా పోలీసుల్ని, శవవాహనాన్ని వెంటబెట్టుకుని వచ్చి శరీరాన్ని తీసుకెళ్లిపోయింది. చట్టప్రకారం భార్యగా ఆమెకి హక్కు ఉంది. ఓక్లహోమాలో స్మారకం కట్టడానికి డబ్బు కేటాయించే బిల్లుని గవర్నరు వీటో చేశాడు. ఆమె అక్కడా ఇక్కడా అడిగింది, ఎవరు స్మారకం కడితే వాళ్లకి ఇస్తానంది. ఈలోగా మీ ఊరి గురించి విన్నది.

అప్పుడు మీరు మాక్ చంక్, ఈస్ట్ మాక్ చంక్ అని నదికి ఇటూ అటూ రెండు ఊళ్లు. బొగ్గు పడిపోయింది, రైల్వే పడిపోయింది, ఉద్యోగాలు లేవు. మీ ఊరి పత్రికా సంపాదకుడు జో బాయిల్ వారానికి ఒక నికెల్ చొప్పున ఊరివాళ్ల నుంచి వసూలు చేసి ఏదైనా పరిశ్రమ తెద్దామని నిధి మొదలుపెట్టారు. అయిదు సెంట్లు! ఆ ప్రయత్నం గురించి చదివినప్పుడు నాకు మీ పెద్దల మీద నిజంగా గౌరవం కలిగింది, ఇప్పటికీ ఉంది. 1954లో రెండు ఊళ్లు ఒకటై ఆయన పేరు పెట్టుకున్నాయి, శరీరం తెచ్చారు, 1957లో సమాధి తయారైంది. ఓక్లహోమా మట్టి, స్టాక్‌హోమ్ స్టేడియం మట్టి తెచ్చి అక్కడ పోశారు. దాంతో ఆస్పత్రి వస్తుందని, ఫుట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్ (గొప్ప ఆటగాళ్ల స్మారక మ్యూజియం) వస్తుందని ఆశపడ్డారు. ఏదీ రాలేదు. హాల్ ఆఫ్ ఫేమ్ 1963లో కాంటన్‌లో తెరిచారు, మొదటి జాబితాలోనే థోర్ప్ పేరు ఉంది. ఆశపడింది దక్కకపోయినా మీ ఊరు ఆయన్ని అవమానించలేదు, సమాధిని పాడుపెట్టలేదు. 1960ల్లో పాత పేరే పెట్టుకుందామని కొందరు ఓటింగుకి తెచ్చినా ఊరు ఒప్పుకోలేదు. ఇదంతా మీ గొప్పదనమే. ఆయన మాత్రం బతికుండగా మీ ఊళ్లో కాలు పెట్టాడని ఎవరూ చూపించలేకపోయారు.

పిల్లలు ఊరుకోలేదు. కొడుకు జాక్ ఒకప్పుడు శాక్ అండ్ ఫాక్స్ తెగకి పెద్దగా ఉన్నవాడు. ఏళ్లతరబడి అడిగి అడిగి చివరికి 2010లో మీ బరో మీద కేసు వేశాడు. 1990లో వచ్చిన ఒక చట్టం ఉంది, ప్రభుత్వ నిధులు తీసుకునే మ్యూజియంల దగ్గరున్న ఆదివాసుల అస్థికల్ని వాళ్ల వారసులకి తిరిగి ఇవ్వాలని. దాని కింద. మరుసటి ఏడాదే జాక్ పోయాడు. తమ్ముడు వదిలిన కేసుని అన్నలు విలియం, రిచర్డ్, తెగ కలిసి నడిపారు. 2013లో కింది కోర్టు వాళ్ల పక్షాన తీర్పు ఇచ్చింది. 2014లో అప్పీలు కోర్టు కొట్టేసింది, భార్య ఇష్టప్రకారం ఖననమైన మనిషి విషయంలో ఒక ఊరిని మ్యూజియం అనడం ఆ చట్టం ఉద్దేశం కాదని. 2015 అక్టోబరులో సుప్రీంకోర్టు వినడానికి ఒప్పుకోలేదు. మీరు గెలిచారు.

నేను లాయర్ని కాదు. కానీ ఆ తీర్పు మళ్లీ మళ్లీ చదివినా అందులో అస్థికల్ని ఉంచుకోవడం న్యాయం అని నాకు కనిపించలేదు. ఆ చట్టం కింద మిమ్మల్ని బలవంతపెట్టలేమనే ఉంది. ఈ రెండింటికీ చాలా తేడా ఉంది. మీకు ఉంచుకునే హక్కు ఉందంటే, పంపించే హక్కు కూడా ఉన్నట్టే కదా.

మీ వైపు నుంచి వచ్చే మాటలు నాకు తెలుసు. ఎవరికీ అక్కర్లేనప్పుడు మేం ఆదరించాం అంటారు. ఓక్లహోమా గవర్నరుకి అక్కర్లేదు, అది నిజం. పిల్లలకి అక్కర్లేదని మాత్రం ఎవరూ అనలేరు, కార్యం చేస్తున్న చోటు నుంచి తీసుకెళ్తే వాళ్లేం చేస్తారు? ఒప్పందం ఉంది అంటారు. ఊరు ఆ పేరుతో ఉన్నంతకాలం శరీరం అక్కడే ఉంటుందని ప్యాట్రీషియాతో రాసుకున్న ఒప్పందం అది, శరీరాన్ని కదిలిస్తే పేరు వదులుకోవాలని ఎక్కడా లేదు. ఒప్పందం చేసుకున్న ఆవిడ లేదు, ఇప్పుడు ఒక తీర్మానం చేసి పేరు ఉంచుకుని ఆయన్ని పంపిస్తే మీ మీద దావా వేసేదెవరు? కుటుంబంలోనే ఏకాభిప్రాయం లేదు అంటారు. ఇది అన్నిటికన్నా బరువైన మాట, దీన్ని నేను తేలిగ్గా కొట్టిపారేయను. ఆయన మనవళ్లలో కొందరు తాత మీ దగ్గరే ప్రశాంతంగా ఉన్నాడు, కదిలించొద్దు అన్నారు, కోర్టులో మీ పక్షాన నిలబడ్డారు. వాళ్ల మాట వినాలి. కానీ కన్నకొడుకుల మాట ఒకవైపు, తెగ మాట అదే వైపు ఉన్నప్పుడు, అభిప్రాయభేదం ఉంది కాబట్టి మా దగ్గరే ఉంచుకుంటాం అనడం న్యాయమా? ఇంట్లోవాళ్ల మధ్య తేడా వస్తే ఆ ఇంటివాళ్లని కూర్చోబెట్టి మాట్లాడించాలి.

ఇంకో భయం కూడా ఉండొచ్చు, పైకి చెప్పకపోయినా. ఆయన లేకపోతే ఊరికి జనం వస్తారా అని. దీనికి మాత్రం నేను గట్టిగా జవాబు చెప్పగలను, ఎందుకంటే ఆ జనం మేమే. మేం వచ్చేది లీహై లోయ కోసం, కొండల కోసం, ఆసా ప్యాకర్ భవనం కోసం, ఆ పాత వీధుల కోసం, రైలు కోసం. సమాధి దగ్గర ఆగే కార్లు ఎన్నో మీరే లెక్క చూసుకోండి. 1954లో చేతిలో ఏమీ లేని ఊరు ఒక గొప్ప పేరు కోసం ఆశపడిందంటే అర్థం చేసుకోగలను. ఈ రోజు మీది అక్టోబరు శనివారం పార్కింగ్ దొరకని ఊరు. ఆ అవసరం తీరిపోయి చాలాకాలమైంది.

పతకాల సంగతి చూడండి. 1982లో ఒలింపిక్ కమిటీ సగం మనసుతో మెత్తబడింది, 1983 జనవరిలో నకలు పతకాలు పిల్లల చేతికిచ్చారు, కానీ రికార్డుల్లో సహ విజేత అనే రాశారు. దాన్ని సరిదిద్దడానికి మళ్లీ ఇన్నేళ్లు పట్టింది, 2022 జులైలో గానీ ఆ రెండు పోటీలకీ ఆయనొక్కడే విజేత అని ఒప్పుకోలేదు. 110 ఏళ్లు! 2024లో అధ్యక్షుడు దేశపు అత్యున్నత పౌర పురస్కారం ఇచ్చాడు. ఆయన్నుంచి లాక్కున్నవాటిలో తిరిగి ఇవ్వగలిగినవన్నీ ఒక్కొక్కటే తిరిగొచ్చాయి. మీ దగ్గరున్నదొక్కటే మిగిలింది, అది చూడకుండానే జాక్ పోయాడు.

నేను మిమ్మల్ని అడిగేవి ఇవీ. కౌన్సిల్ మీటింగు ఎజెండాలో ఈ విషయం పెట్టండి, ఊరివాళ్లందరికీ మాట్లాడే అవకాశం ఇవ్వండి. శాక్ అండ్ ఫాక్స్ తెగ ప్రతినిధుల్ని, థోర్ప్ వంశంలో రెండు పక్షాల వాళ్లనీ మీరే పిలవండి, లాయర్లు లేకుండా, మీ ఖర్చుతో మీ ఊళ్లో కూర్చోబెట్టండి. పేరు ఊరిదే అని, విగ్రహాలు, రాయి, స్టాక్‌హోమ్ మట్టి అన్నీ అక్కడే ఉంటాయని ఆ తీర్మానంలోనే స్పష్టంగా రాయండి, అప్పుడు భయపడేవాళ్లకి భయం పోతుంది. తెగవారు ఎప్పుడు, ఏ పద్ధతిలో తీసుకెళ్లాలంటే ఆ పద్ధతిలోనే జరగనివ్వండి, కెమెరాలు వద్దంటే వద్దు. పంపడానికి అయ్యే ఖర్చు సమస్య అయితే ఒక్క మాట చెప్పండి. దూరదేశంలో పోయినవాళ్లని ఇంటికి చేర్చడానికి డబ్బు పోగుచేయడం మాకు అలవాటే, మీ పెద్దలకి నికెల్స్ పోగుచేయడం అలవాటైనట్టు. నాకు తెలిసిన తెలుగు కుటుంబాల నుంచి మొదటి విరాళాలు నేనే వసూలు చేసి పంపుతాను.

ఇది చదువుతున్న తెలుగువాళ్లకి: వచ్చే అక్టోబరులో ఆ ఊరు వెళ్తే 903 రోడ్డు మీద సమాధి దగ్గర ఒక పావుగంట ఆగండి, ఆ రాయి మీద రాసింది పిల్లల చేత చదివించండి, తిరిగొచ్చాక కౌన్సిల్‌కి మీ పేరుతో నాలుగు లైన్లు ఈమెయిల్ రాయండి. మర్యాదగా రాయండి, ఊరివాళ్లు శత్రువులు కారు.

కౌన్సిల్ సభ్యులారా, మీ జవాబు కోసం చూస్తుంటాను. మీటింగు తేదీ చెబితే వచ్చి వెనక వరసలో కూర్చుంటాను, మాట్లాడమంటే మాట్లాడతాను.

ఇట్లు,
మీ ఊరంటే ఇష్టపడే ఒక తెలుగు కుటుంబం తరఫున